నీటికోట దుప్పటిలో నేను మూసిన చిల్లు

ముందుగా భయం గురించి

కావలిలో మా కొట్లో ఇప్పుడు ముగ్గురు ఆడపిల్లలు రఫూ నేర్చుకుంటున్నారు. కొట్టు మా తమ్ముడి కోడలు షకీలా నడుపుతోంది. కళ్లకు ఆపరేషన్ అయ్యాక నేను సూది వదిలేశాను గానీ, పొద్దున్నే వెళ్లి మూల కుర్చీలో కూర్చోవడం మానలేదు. మొన్న ఆ ముగ్గురిలో చిన్నది అడిగింది.

"తాతా, ముప్పై ఎనిమిదేండ్లు ఈ పని చేసినావు గదా, ఎప్పుడన్నా భయపడినావా?"

నేను నవ్వేసి టీ తెమ్మన్నాను. ఇంటికొచ్చాక ఆ నవ్వు నాకే నచ్చలేదు. పిల్ల నిజంగా అడిగింది, నేను తప్పించుకున్నాను. అందుకే ఇది రాస్తున్నాను.

రఫూ అంటే చిరిగిన బట్టను చిరగనట్టు చేయడం. అతుకు వేయడం కాదు, కుట్టడమూ కాదు. చిల్లు పడిన చోట మళ్లీ నేయడం. ముందు పడుగు పోగులు ఒక్కొక్కటే సూదితో పరవాలి, తర్వాత వాటి మీదా కిందా పేక పోగు నడపాలి. దారం బయటినుంచి తేకూడదు. ఆ బట్ట అంచు మడతలో దాగిన పోగులే లాగి వాడాలి, అప్పుడే రంగూ వయసూ కలుస్తాయి. బాగా చేసిన రఫూను చేసినవాడు కూడా కనిపెట్టలేడని మా పనివాళ్లు గొప్పగా చెప్పుకుంటారు. నేనూ చాలామంది దగ్గర ఆ గొప్పలు పోయాను. చివరికి ఆ గొప్పే నా పీకల మీదికి తెచ్చింది.

మా ఉస్తాద్, ఒక శాలువా

నాకు పని నేర్పిన ఖాదర్ ఉస్తాద్ మంచివాడని చెప్పలేను. నోరు పెద్దది. తప్పు చేస్తే వేళ్ల మీద కత్తెర పిడితో కొట్టేవాడు. కానీ చిల్లును చదవడం ఆయన దగ్గరే నేర్చుకోవాలి. ఎలుక కొరికిన చిల్లుకు అంచులు రంపపు పళ్లలా ఉంటాయి. పురుగు తిన్న చిల్లు చుట్టూ బట్ట పలచబడి ఉంటుంది. నిప్పు పడితే పోగుల కొనలు గట్టిపడి నల్లబడతాయి. మేకు తగిలితే ఒక దిక్కుకే చిరుగుతుంది. ఇవన్నీ చూడకుండా సూది ఎత్తితే ఆయనకు ఒళ్లు మండేది.

"చిల్లు ఎట్ట పడిందో తెలుసుకోకుండా కుట్టేవాడు డాక్టరు గాదురా, మంత్రసాని మొగుడు," అనేవాడు. ఆ సామెత ఆయన సొంతం. దాని అర్థం ఏంటని అడిగితే మళ్లీ కత్తెర పిడే.

నేను చేరిన మూడో ఏడు, తోటపల్లి గూడూరు నుంచి ఒక పెద్దావిడ భర్త శాలువా తెచ్చింది. ఆయన పోయి ఏడాది. అంచు రేగింది, అది సరిచేయమంది. అంచు అయ్యాక చూస్తే భుజం దగ్గర బీడీ నిప్పు పడి కాలిన చిన్న చిల్లు ఉంది. పాపం, చూసుకోలేదేమో అనుకుని దాన్ని కూడా ఊరికే చేసి పెట్టాను. ఆవిడ వచ్చి శాలువా విప్పి, అంచు సంగతే పట్టించుకోకుండా, భుజం దగ్గర వేలితో తడమసాగింది. ఎంత తడిమినా ఆ చిల్లు దొరకలేదు.

"ఆయన బీడీ కాల్చిన చోటు యాడుందయ్యా?" అంది.

నేను సంతోషంగా, "రఫూ చేసేసినానమ్మా, డబ్బులొద్దు," అన్నాను.

ఆవిడ శాలువా మడిచి చంకలో పెట్టుకుని వెళ్లిపోయింది. ఉస్తాద్ ఆ రోజు నన్ను కొట్టలేదు. "అడగంది ముట్టుకోబాక," అని మాత్రం అన్నాడు. నాకు కోపం వచ్చింది. ఆ చిల్లు ఉంచమని ఆవిడ ముందే చెప్పొచ్చు కదా అని వాదించాను. ఇరవై రెండేళ్ల వయసులో తప్పెప్పుడూ ఎదుటివాళ్లదే.

ఉస్తాద్ పోయాక కొంతకాలం ఒక చీరల వ్యాపారి దగ్గర పనిచేశాను. మగ్గం మీదే దెబ్బతిన్న కొత్త చీరలను రఫూ చేయించి మంచివాటిలో కలిపి అమ్మేవాడు. నేను రెండేళ్లు ఆ పని చేశాను. తెలిసే చేశాను. కనపడకుండా చేయడం ఒక విద్య, కనపడకుండా దాచడం మరొకటి, రెండింటికీ ఒకే సూది సరిపోతుంది. ఈ పనిలోకి వచ్చేవాళ్లను అలాంటి యజమానులు వెతుక్కుంటూ వస్తారు. ఎవరూ చూడరు కదా అని మీరూ ఒప్పుకుంటారు. ఒప్పుకున్నాక మీ చేతిని మీరే నమ్మలేరు.

నీటికోట

విడవలూరు దాటి సముద్రం వైపు వెళితే మొగపాళెం అని బెస్తవాళ్ల పల్లె ఉంది. మ్యాపులో వెతకొద్దు, ఊరి పేరు మార్చి రాస్తున్నాను. ఊరి పక్కన ఒక కాలువ సముద్రంలో కలుస్తుంది. ఆ కలిసే చోటును వాళ్లు మొగ అంటారు. ఎండాకాలమంతా అలలు ఇసుక తెచ్చి పోసి మొగను పూడ్చేస్తాయి. వానలకు ముందు ఊరంతా పారలు పట్టుకుని ఆ ఇసుకమేట తవ్వి దారి తీస్తేనే పొలాల మీది నీళ్లు, చెరువుల అలుగు నీళ్లు సముద్రంలోకి పోతాయి. లేకపోతే ఆ నీళ్లన్నీ వెనక్కి తన్ని ఊళ్లోకి వస్తాయి.

ఆ ఊరికి ఒక దుప్పటి ఉంది. దాని పేరు నీటికోట దుప్పటి. పేరుకు దుప్పటి గానీ ఎవరూ కప్పుకున్నది కాదు. ఆరు బారల పొడవు, రెండు బారల వెడల్పు, ముతక నూలు, సహజమైన రంగులు. భర్త వేటకు పోయి తిరిగి రాకపోతే ఒక నేతపని ఆవిడ ఒడ్డున మగ్గం వేసుకుని, నీళ్ల అడుగున తనకు కనపడిన ఊరిని కనపడినట్టే నేసిందని కథ. ఎన్ని తరాల కిందటిదో ఎవరూ చెప్పలేరు. ఆ చుట్టుపక్కల దాని పేరు తెలియనివాళ్లు లేరు. చూసినవాళ్లు మాత్రం తక్కువ.

నేను చూశాను. పంతొమ్మిది రోజులు నా ఇంట్లో ఉంది.

ఆ ఊళ్లో చెట్లు తలకిందులుగా ఉంటాయి, వేళ్లు పైకి. బండ్లను పీతలు లాగుతాయి. వీధి దీపాలకు బదులు నోట్లో వెలుగు పెట్టుకున్న చేపలు వరసగా వేలాడుతుంటాయి. సంతలో అలలు అమ్ముతారు, చిన్నవీ పెద్దవీ చుట్టచుట్టి దారంతో కట్టి పెడతారు. ఆ ఊరి రాజుకు మొహం నేయలేదు, మొహం ఉండాల్సిన చోట ఒక గవ్వను నేసింది ఆ తల్లి. ఇవన్నీ చూస్తుంటే మొదట నవ్వొస్తుంది, చిన్నపిల్లల ఆటలా అనిపిస్తుంది. తర్వాత కోటగోడ పక్కనే నడుస్తున్న మనుషుల వరస కనపడుతుంది. వాళ్లు సముద్రంలో మునిగిపోయి ఆ ఊరికి కొత్తగా కాపురం వచ్చినవాళ్లట. కాళ్లు కోట వైపు ఉంటాయి. తలలు మాత్రం అందరివీ వెనక్కి తిరిగి, చూస్తున్న మన వైపు ఉంటాయి.

కోటగోడ నడిమధ్య తలుపు ఉండాలి. అక్కడ తలుపు లేదు. చెయ్యి పట్టేంత చిల్లు ఉంది.

పంతొమ్మిది రోజులు

దుప్పటి కాపలా అంకమ్మ ఇంటివాళ్లది. అంకమ్మకు అప్పుడు అరవై ఉంటాయి. గట్టి మనిషి. భర్త కోటయ్యకు కిడ్నీలు చెడిపోతే వారానికి రెండుసార్లు, మంగళవారం, శుక్రవారం, నెల్లూరు తీసుకెళ్లి డయాలసిస్ చేయించుకొచ్చేది. ఆ తిరుగుడు మధ్యలో దుప్పటి అంచును పురుగు తిన్న సంగతి ఆలస్యంగా చూసుకుంది. దుప్పటిని ఊరు దాటించకూడదని ఊరి పెద్ద పోలయ్య, ఇంకొందరు గట్టిగా పట్టుబట్టారు. పురుగు మొత్తం తినేదాకా చూస్తారా అని వాళ్లతో పోట్లాడి, భాద్రపదంలో తనే ఆటోలో కావలి తెచ్చి నాకిచ్చింది.

"అంచు మాత్రమే చూడు మస్తానూ. నడిమి జోలికి పోబాక," అంది.

ఎందుకని నేను అడగలేదు. అందరికీ తెలిసిన విషయమే అనుకుందేమో, ఆమె చెప్పలేదు.

పురుగు చిల్లులు పద్నాలుగు రోజుల్లో అయిపోయాయి. రోజూ సాయంత్రం పని ఆపి దుప్పటిని హాల్లో తాడు మీద గాలికి వేసేవాణ్ని. సముద్రపు గాలి కావలిదాకా రాదు. అయినా ఆ చిల్లులోంచి గాలి కొడుతున్నట్టు అనిపించేది. వెనక ఉన్నది మా ఇంటి గోడేనని నాకు తెలుసు. ఎన్నిసార్లు తెలుసనుకున్నా, ఆ చిల్లుకు ఎదురుగా కూర్చుని అన్నం తినలేకపోయాను. నా భార్య రజియా ఇంకో గదిలో నమాజు చేసుకునేది. "ఆ మనుషులు ఇట్ట చూస్తా ఉంటే ఎట్టబ్బా?" అనేది. ఆ వెనక్కి తిరిగిన తలలన్నీ ఆ చిల్లులోంచి బయటికి రావాలని చూస్తున్నట్టు నాకు తోచింది. ఇది ఇప్పుడు రాస్తుంటే సిగ్గుగా ఉంది. అప్పుడు మాత్రం రాత్రిళ్లు దీపం ఆర్పలేకపోయేవాణ్ని.

చిల్లు అంచులు చూశాను. ఎలుక కాదు, పురుగు కాదు, నిప్పు కాదు. పోగులు నున్నగా, జిడ్డుగా, చుట్టూ ఒకేలా అరిగి ఉన్నాయి. అలా అరగాలంటే ఏళ్ల తరబడి ఏదో ఒకటి అందులో దూరి రావాలి. ఉస్తాద్ ఉంటే ఆ జిడ్డు మీద వేలుపెట్టి, "ఇదేందిరా?" అని అడిగేవాడు. నేను అడగలేదు. అరిగిపోయిందిలే అనుకుని, ఐదు రోజుల్లో ఆ చిల్లును మూసేశాను.

దుప్పటి కింది మడతలోంచి పోగులు లాగాను. కోటకు తలుపు నేశాను. రెండు రెక్కలు, మేకులు, గడియ, అన్నీ ఆ తల్లి చేతివాటంలోనే. నా జీవితంలో అంత మంచి పని మళ్లీ చేయలేదు. గొప్ప కళాఖండాన్ని పూర్తి చేశానని నాకు నేను చెప్పుకున్నాను. అసలు సంగతి భయం. ఆ చిల్లు నా ఇంట్లో ఉండటం నాకు ఇష్టం లేదు, అందుకే మూశాను. మూసిన రోజు హాయిగా నిద్రపోయాను.

అంకమ్మకు చెప్పలేదు. చూసినప్పుడు ఆశ్చర్యపోతుందిలే అనుకున్నాను. ఆమె అంచు వరకే విప్పి చూసుకుని, మెచ్చుకుని, అలాగే మడిచి పెట్టెలో పెట్టుకుని వెళ్లింది.

ఫోన్

ఆశ్వీజంలో తూర్పుగాలి తిరిగాక వచ్చే మొదటి ఆదివారం పొద్దున ఫోన్ మోగింది. అంకమ్మ గొంతు ఎప్పటిలా లేదు.

"మస్తానూ, నీటికోట తలుపు మూసుకొనిందయ్యా."

నాకు అర్థం కాలేదు. ఆమె చెప్పుకుపోయింది. ఏటా ఈ రోజు దుప్పటిని ఇసుకలో పరిచి, ఊరంతా చూస్తుండగా కాపలా ఆడమనిషి ఆ చిల్లులో, వాళ్ల మాటలో తలుపులో, చెయ్యి దూర్చాలి. చెయ్యి దూరితే ఆ ఏడు దారి ఉన్నట్టు. వెంటనే పారలు తీసుకుని మొగ తవ్వుతారు. తలుపు మూసుకుంటే, నీటికోట వాళ్లు బయల్దేరారని, సముద్రం పైకి రాబోతోందని గుర్తు. ఆ ఏడు మొగ ముట్టుకోకూడదు. తవ్వితే ఆ దారినే సముద్రం ఊళ్లోకి వస్తుంది. తలుపు మూసుకోవడం వాళ్ల అమ్మ చూడలేదు, అమ్మమ్మ చూడలేదు.

"యాభై మంది చూస్తుండగా చెయ్యి పెడితే గోడకు తగిలినట్టు తగిలింది నాయనా. మేకులు గూడా ఉండాయి. ఆడోళ్లు ఏడుస్తా ఉండారు. నీ కాడ ఉన్నప్పుడు తెరుచుకోనే ఉండిందా? ఏమన్నా చూసినావా?"

పై ప్రాణాలు పైనే పోవడం అంటారే, అప్పుడు తెలిసింది. ఒక్క మాట చెబితే చాలు. నేనే మూశానమ్మా అంటే చాలు.

"నేనేం చూడలేదమ్మా. అంచు వరకే చూసినాను," అన్నాను.

ఎందుకన్నానో చాలాసార్లు ఆలోచించాను. ఊరివాళ్లతో పోట్లాడి దుప్పటి బయటికి తెచ్చిన అంకమ్మకు మాట వస్తుందని, కాపలా తీసేస్తారని, ఆమె కోసమే దాచానని రజియాకు చెప్పాను. ఆమె నా మొహం చూసి వంటింట్లోకి వెళ్లిపోయింది. నిజానికి నాకు తిట్లంటే భయం, తన్నులంటే భయం, అన్నిటికన్నా పేరు పోతుందని భయం. దొంగకు తేలు కుట్టినట్టు ఆ రోజంతా ఇంట్లో తిరిగాను. ఎవరో ఒకరు తెగించి మొగ తీస్తారులే, అధికారులు ఇసుక తవ్వే మిషన్ పంపుతారులే అని నన్ను నేను సముదాయించుకున్నాను.

సోమవారం ఆకాశం నల్లబడింది. మంగళవారం తెల్లవారకముందే వాన మొదలైంది. మా వైపు ఈ కాలపు వానలు తెలిసినవాళ్లకు చెప్పక్కర్లేదు, పట్టుకుంటే వదలవు. టీవీలో వాయుగుండం అన్నారు. బుధవారం మధ్యాహ్నం అంకమ్మ మళ్లీ ఫోన్ చేసింది. ఊరంతా తుఫాను షెల్టర్ మేడ మీద ఉన్నారు. నీళ్లు సముద్రం వైపు నుంచి రాలేదు, వెనక పొలాల నుంచి వచ్చాయి. మొగ పూడి ఉంది కాబట్టి పోయే దారి లేదు. మిషన్ కోసం అడిగితే రోడ్డు మునిగింది, రాలేదన్నారు.

"మా ఆయనకు నిన్న డయాలసిస్ పోయింది. కాళ్లు ఉబ్బినాయి. శుక్రవారం గూడా పోతే నిలవడయ్యా," అంది.

ఈసారి చెప్పేద్దామని నోరు తెరిచాను. లైను తెగిపోయింది. సాయంత్రందాకా చేస్తూనే ఉన్నాను, కలవలేదు. టవర్ పడిపోయి ఉంటుంది. ఆదివారం ఒక్క మాటతో అయిపోయేదానికి ఇప్పుడు నేనే వెళ్లాలి.

షెల్టర్లో

గురువారం పొద్దున సూదుల పెట్టె లుంగీ మడతలో కట్టుకుని బయల్దేరాను. విడవలూరుదాకా బస్సు వెళ్లింది. అక్కణ్నుంచి పాలపొడి, బియ్యం తీసుకెళ్తున్న ట్రాక్టర్ ఎక్కాను. చివరి మైలు నడుం లోతు నీళ్లలో నడిచాను. నాకు ఈత రాదు. రోడ్డు ఎక్కడుందో, గుంట ఎక్కడుందో తెలియదు. కాలికి ఏం తగిలినా కలిమా చదువుకున్నాను. ఆ వెనక్కి తిరిగిన తలలు గుర్తొచ్చాయి. వాళ్లూ ఇలాగే నడిచి ఉంటారనిపించి ఒకచోట కాళ్లు ఆగిపోయాయి. ట్రాక్టర్లో వచ్చిన వాళ్లు అరిచి పిలిస్తే కదిలాను.

షెల్టర్ మేడ మీద మనుషులు, మేకలు, వంట పొగ. ఒక మూల చాప మీద కోటయ్య. మొహం గుర్తుపట్టలేనంతగా ఉబ్బింది, ఊపిరి బరువుగా తీస్తున్నాడు. అంకమ్మ అతని తల ఒళ్లో పెట్టుకుని ఉంది. నన్ను చూసి, "ఈ నీళ్లలో ఎందుకొచ్చినావయ్యా?" అంది. నేను తడి బట్టలతోనే ఆమె ముందు కూర్చున్నాను.

"అమ్మా, తలుపు తనంతట తాను మూసుకోలేదు. నేను మూసినాను. రఫూ చేసినాను. మీరు ఫోన్ చేసినప్పుడు అబద్ధం చెప్పినాను."

తిడతారనుకున్నాను. కొడతారనుకున్నాను. వాళ్లు నా మాట నమ్మలేదు. అది నేను అనుకోనిది.

పోలయ్య ముందుకొచ్చాడు. "చూడు సాయిబూ, నువ్వు మంచోడివే. మా చేత మొగ తీపించాలని ఇట్ట చెప్తా ఉండావు. తీసినంక సముద్రం లోపలికొస్తే ఇంతమంది పిలకాయల్ని ఎవరు ఎత్తుకోని పరిగెత్తాల? ఆ తలుపు నేను చూసినా. మనిషి చేత్తో చేసింది గాదది."

"నేనే చేసినానన్నా."

"అయితే యాడ కుట్టినావో చూపించు."

ఇనప్పెట్టెలోంచి దుప్పటి తీసి పరిచారు. కరెంటు లేదు, మబ్బు వెలుతురు. నేను మోకాళ్ల మీద కూర్చుని కోటతలుపు మీద వేళ్లు పెట్టాను. పాత నేత ఎక్కడ ముగిసిందో, నా నేత ఎక్కడ మొదలైందో దొరకలేదు. అద్దాలు తుడుచుకుని మళ్లీ చూశాను. దొరకలేదు. అవే పోగులు, అదే రంగు, అదే వయసు. తలుపు నాదే, కానీ దాన్ని నిలపడానికి చుట్టూ గోడలోకి ఎంతదూరం నేశాను? గుర్తు తెచ్చుకోవడానికి ప్రయత్నించాను. గుడ్డిగా కోసి ఆ తల్లి నేసిన పోగు తెంపితే ఆ దుప్పటి నిజంగానే పోతుంది. వీళ్లు నన్ను ఎప్పటికీ నమ్మరు, చాప మీద మనిషి శుక్రవారం దాటడు.

"చూసినారా, ఆయనకే తెలీదు," అన్నారెవరో.

అప్పుడు ఆ జిడ్డు గుర్తొచ్చింది. ఎన్ని తరాల ఆడవాళ్ల చేతులో ఆ చిల్లులో దూరాయి. చేపలు కోసిన చేతులు, ఆముదం రాసుకున్న చేతులు. చిల్లు అంచుల్లోకి ఆ నూనె ఇంకి ఉంది. నేను వాడిన పోగులు కింది మడతలోవి, ఏ చెయ్యీ తగలనివి. నూనె ఉన్న నూలు నీళ్లు పీల్చదు. లేనిది పీలుస్తుంది.

పాత బట్టకు నీళ్లు తగలనివ్వకూడదని ఉస్తాద్ నా వేళ్ల మీద కొట్టి మరీ నేర్పాడు. రంగులు కారతాయి, పోగు చీకుతుంది. నేను చూరు కిందికి వెళ్లి దోసిట్లో వాననీళ్లు పట్టాను. అంకమ్మ లేచి నిలబడింది.

"అమ్మా, పోయాల్నా?" అని అడిగాను. ఆ దుప్పటి విషయంలో నేను ఒకరిని అడగడం అదే మొదటిసారి.

ఆమె కోటయ్య వైపు చూసి, "పొయ్యి," అంది.

తలుపు మీద నీళ్లు వదిలాను. చుట్టూ గోడ మీద బొట్లు బొట్లుగా నిలబడి జారిపోయాయి. మధ్యలో మెల్లగా ఇంకాయి. తలుపు రెక్కలు నల్లబడ్డాయి, మేకులు నల్లబడ్డాయి, చెయ్యంత ముక్క ఒకటి దుప్పటిలో విడిగా తేలింది. దాని చుట్టూ జిడ్డు వలయం పొడిగా మెరుస్తూ ఉంది. పోలయ్య వంగి చూసి వెనక్కి అడుగేశాడు.

కత్తి తీసి నా పోగులు ఒక్కొక్కటే కోశాను. ఐదు రోజుల పని, పది నిమిషాలు కూడా పట్టలేదు. అంత మంచి పనిని కోస్తుంటే బాధ కలుగుతుందనుకున్నాను, కలగలేదు. పాత పోగు తెగుతుందేమోనన్న భయం తప్ప ఇంకేమీ లేదు. ఆఖరి పోగు లాగాక ఇవతలికి జరిగాను.

అంకమ్మ కూర్చుని, కొంగుతో చెయ్యి తుడుచుకుని, ఆ చిల్లులో పెట్టింది. చెయ్యి మణికట్టుదాకా దూరింది. దుప్పటి అవతల ఆమె వేళ్లు కదలడం అందరూ చూశారు.

"సముద్రం పాటు ఎప్పుడు?" అని అడిగింది పోలయ్యను.

"మూడింటికి నీళ్లు తీస్తాయి," అన్నాడు. అప్పటికే మగవాళ్లు పారలు వెతుక్కుంటున్నారు.

నేనూ వెళ్లాను. నా చేతికి ఎవరూ పార ఇవ్వలేదు, చేతులతోనే ఇసుక తీశాను. సముద్రం వెనక్కి తగ్గిన గంటలో మేటకు సన్నటి గాడి పడింది. దాన్ని నీళ్లే కోసుకుంటూ వెడల్పు చేసుకున్నాయి. సాయంత్రానికి కాలువ గర్జిస్తూ పోతోంది. ఆ చప్పుడు విని కొందరు ఏడ్చారు. నాతో ఎవరూ మాట్లాడలేదు.

శుక్రవారం మధ్యాహ్నానికి రోడ్డు ట్రాక్టర్ పోయేంత తేలింది. కోటయ్యను మంచంతో సహా ఎక్కించి నెల్లూరు తీసుకెళ్లారు. బతికాడు.

చివరిగా

కోటయ్య ఆ తర్వాతి ఎండాకాలం పోయాడు. ఆ మూడు రోజుల్లో గుండె బాగా దెబ్బతిన్నదని డాక్టర్లు అన్నారట, ముందునుంచే ఉందని కూడా అన్నారట. నేను చూడటానికి వెళ్లాను. అంకమ్మ నాకు కుర్చీ వేయించింది, మంచినీళ్లు ఇచ్చింది. నీ వల్లే అని ఆమె ఎప్పుడూ అనలేదు. నీ వల్ల కాదని కూడా అనలేదు. నేను అడగలేదు. అడగాల్సిన చోట అడగకపోవడం నాకు పాత జబ్బు, కానీ ఈ ప్రశ్న అడిగే హక్కు నాకు లేదు.

పిల్లలూ, మీకు రెండు మాటలు చెప్పి ఆపుతాను. తప్పు కుట్టు అందరూ వేస్తారు, దాన్ని విప్పొచ్చు. ఆదివారం నేను ఫోన్లో చెప్పిన అబద్ధాన్ని విప్పడానికి నాలుగు రోజులు పట్టింది, ఆ నాలుగు రోజులకు ఒక మనిషి ఒళ్లు తాళలేకపోయింది. ఇక రెండోది. ఒక చిల్లు చూస్తే మీకు భయం వేస్తే, లేదా చెయ్యి దురద పెడితే, సూది కింద పెట్టి దాని మనిషికి ఫోన్ చేయండి. ఏ చిల్లులో ఎవరు చెయ్యి పెడుతున్నారో బట్ట చూసి తెలుసుకోలేం.

చిన్నదానా, నువ్వు అడిగినదానికి జవాబు ఇది. ఎప్పుడన్నా భయపడ్డానా అని కదా అడిగావు. నేను ఏటా భయపడతాను. ఆశ్వీజంలో తూర్పుగాలి తిరిగిందంటే నాకు అన్నం సహించదు. నేను కోసిన చోట పాత పోగు ఏదైనా తెగి ఉంటుందేమో, తడిసిన చోట నూలు చీకి ఉంటుందేమో, చెయ్యి పెట్టినప్పుడు దుప్పటి చిరుగుతుందేమో అనిపిస్తుంది. ఆ ఆదివారం పొద్దున ఫోన్ ముందు పెట్టుకుని కూర్చుంటాను. రజియా టీ పెట్టి ఇస్తే చల్లారిపోతుంది.

అంకమ్మ ఇప్పటికి ఒక్క ఏడు కూడా ఫోన్ చేయడం మరవలేదు. పలకరింపు ఉండదు, క్షేమ సమాచారం ఉండదు.

"చెయ్యి దూరింది మస్తానూ," అంటుంది. "ఇంక పొయ్యి అన్నం తిను."